ఫ్యుయే నొటేషన్: గుర్తులు విడిగా తెలుస్తున్నాయి, సంగీతంతో కలిపితే కుదరడం లేదు

అడుగుజాడ (ప్రశ్న)

ఫ్యుయే పద్ధతిలో, అంటే నర్తకుల దారినీ అడుగుల్నీ గుర్తులతో కాగితం మీద గీసే 1700 నాటి ఫ్రెంచ్ నృత్యలిపిలో రాసిన ఇద్దరి బాల్‌రూమ్ నృత్యాలు చదవడం మొదలుపెట్టాను. ప్రస్తుతం ముందున్నవి ఆ కాలపు ఫ్రెంచ్ నృత్యకర్త పెకూర్ కూర్చిన ఒక బుర్రే (రెండు లెక్కల వేగమైన నృత్యం), ఒక మినుయెట్ (మూడు లెక్కల నృత్యం). ఆర్బో 1589 నాటి పుస్తకంలోని బ్రాన్ల్‌లు (చేతులు పట్టుకుని వరసగానో వలయంగానో ఆడే నృత్యాలు) ఇంతకు ముందే చదివి ఆడి చూశాను. అక్కడ ప్రతి స్వరం పక్కనే అడుగు పేరు ఉంటుంది కాబట్టి పెద్దగా చిక్కు రాలేదు. ఇక్కడ గుర్తుల పట్టిక చూస్తే ఒక్కో గుర్తూ అర్థమవుతోంది, ఆడబోతే మాత్రం తేడా కొడుతోంది. నాలుగు చోట్ల ఆగిపోయాను:

1. అడుగు గుర్తు మొదట్లో మోకాలు వంచమనే ఏటవాలు గీత ఉంటుంది. అది బార్ గీత (సంగీతంలో ఒక లెక్కల గడి, అంటే బార్, ముగిసి ఇంకొకటి మొదలయ్యే చోట వేసే గీత) దాటిన వెంటనే ఉంది కాబట్టి 1 మీద, అంటే బార్‌లో మొదటి లెక్క మీద, వంగుతున్నాను. అలా చేస్తే ప్రతి బార్‌లోనూ అడుగు వెనకబడుతోంది.

2. నర్తకి తిరిగినప్పుడు నేనూ కాగితం తిప్పుతున్నాను. రెండు మలుపులు దాటేసరికి ఏది కుడికాలో ఏది ఎడమకాలో తెలియడం లేదు.

3. దారి గీత మధ్యలో కొన్నిచోట్ల చుక్కల గీత వస్తోంది. దానికి ఎన్ని బార్లు లెక్కపెట్టాలి?

4. మినుయెట్‌లో ఒక గుత్తికి నాలుగు అడుగులు. మూడు లెక్కల బార్‌లో నాలుగు అడుగులు ఇరికిస్తే పరుగులా ఉంది, పైగా పేజీ అయిపోయాక ఇంకా సగం పాట మిగిలిపోతోంది.

చేతుల గురించి పేజీలో ఏమీ లేదు. చేతులు ఊరికే వదిలేయాలా?

పాతపుటలు

2, 3 ప్రశ్నలకి నేను చెబుతాను. లయ సంగతి నాకన్నా బాగా చెప్పేవాళ్ళు ఇక్కడ ఉన్నారు.

ఫ్యుయే పేజీ అంటే నేల. పైనుంచి చూసిన నేల. పేజీ పై అంచు సభకి తల వైపు, అంటే రాజుగారో ముఖ్యమైన ప్రేక్షకులో కూర్చునే వైపు. ఆ అంచు నృత్యం మొదటి నుంచి చివరి దాకా అటే ఉండాలి. మీరు తిరుగుతారు, కాగితం తిరగదు. పుస్తకం చేతిలో పట్టుకుని కుడివైపు పావు చుట్టు తిరిగారనుకోండి, చేతిలోని పుస్తకాన్ని ఎడమకి పావు చుట్టు తిప్పాలి. అప్పుడే దాని పై అంచు ఇంకా సభ తల వైపే ఉంటుంది. తిరిగేటప్పుడు పుస్తకం ఎలా పట్టుకోవాలో ఫ్యుయే తన 1700 నాటి 'కొరెగ్రఫీ'లో పనిగట్టుకుని వివరించాడు. అంటే అప్పటివాళ్ళకీ ఇదే తడబాటు ఉందన్నమాట. మొదట్లో తేలిక మార్గం ఒకటుంది: పేజీని పెద్దది చేసి నేలమీద పరిచి అంటించేయండి, దాని చుట్టూ మీరే నడవండి.

ఇక కుడి ఎడమలు. పొడుగాటి గీత నర్తకి నడిచే దారి. దానికి ఆ పక్కా ఈ పక్కా అడుగు గుర్తులుంటాయి. కుడికాలు గుర్తులు నర్తకి కుడిపక్క, ఎడమకాలివి ఎడమపక్క. ఇక్కడ చూడాల్సింది పేజీ కుడి కాదు, నర్తకి కుడి. దారి పేజీలో కిందికి వస్తూ, నర్తకి మొహం కూడా కిందికే ఉంటే, కుడికాలు గుర్తులు మీ కంటికి పేజీ ఎడమవైపు కనిపిస్తాయి. అదే దారిలో నర్తకి వెనక్కి అడుగులేస్తూ వస్తోందంటే మొహం ఇంకా పైకే ఉంది, కుడికాలు గుర్తులు పేజీలో కుడివైపే ఉంటాయి. అందుకే ముందుగా చూడాల్సింది దారి మొదట్లో ఉన్న మనిషి గుర్తు. మగవాడికి ఒక అర్ధవృత్తం, ఆడమనిషికి జంట గీతల అర్ధవృత్తం. తిన్నగా ఉన్న అంచు శరీరం ముందువైపు, వంపు వీపు. ప్రతి మలుపు దగ్గరా పెన్సిల్‌తో చిన్న బాణం వేసుకుని మొహం ఎటుందో రాసుకుంటే కాళ్ళు తారుమారు కావు.

చుక్కల గీతకి లెక్క సున్నా. నర్తకి మళ్ళీ అదే చోటుకి వచ్చి ఆడాల్సినప్పుడు, ఉన్న గీత మీదే ఇంకో గీత గీస్తే చదవడం కుదరదు. అందుకని చెక్కేవాడు రెండో దారిని కాస్త పక్కకి జరిపి, మొదటిదాని చివర నుంచి చుక్కల గీతతో కలుపుతాడు. అది కంటికి దారి చూపించడానికే. మీ కాళ్ళు అక్కడ కదలవు. అలాగే దారి పొడుగు చూసి దూరం కొలవకండి. ఒక బార్‌లో గుర్తులు ఎక్కువుంటే ఆ ముక్క పొడుగ్గా గీయక తప్పదు, నేలమీద మాత్రం అది రెండు జానెల కదలికే కావచ్చు.

ఒక అడుగు గుర్తుని దగ్గరగా చూద్దాం. మొదట నల్లటి చుక్క: కాలు బయలుదేరే చోటు. దాన్నుంచి గీత: కాలు గాలిలోనో నేల మీదో పోయే దారి. చివర చిన్న కొక్కెం: పాదం, మడమ నుంచి వేళ్ళ వైపు. ఈ గీత ఆకారాన్ని బట్టి అడుగు ఐదు రకాలు: తిన్ననిది, తెరుచుకునేది, గుండ్రనిది, మెలితిరిగేది, కాలు కాలికి తగిలేది. ఆ గీత మీద అడ్డంగా వేసిన చిన్న గీతలు కాలు చేసే పని చెబుతాయి. ఏటవాలుది వంగమని, నిలువుది లేవమని, రెండు నిలువు గీతలు ఎగరమని, మూడు ఉంటే కాబ్రియోల్ (గాలిలో కాలికి కాలు తగిలించే ఎగురుడు). ఆ చిన్న గీత అడుగు గీత మీద ఎక్కడుందన్నది కూడా ముఖ్యమే. చుక్క దగ్గరుంటే కాలు కదలకముందు, మధ్యలో ఉంటే కదులుతుండగా, కొక్కెం దగ్గరుంటే కాలు చేరాక. దీన్ని పట్టించుకోకుండా "ఈ అడుగులో ఎక్కడో ఒకచోట వంగాలి" అని చదివితే అడుగు పేరు సరిపోతుంది, అడుగు సరిపోదు.

సాధన మొదలుపెట్టేముందు ఒక పరీక్ష చేయండి. పేజీ పైన ఆ పేజీకి సరిపడా సంగీతం ఉంటుంది. అందులో బార్లు లెక్కపెట్టండి. దారిని అడ్డంగా కోసే చిన్న గీతల మధ్య గడులు లెక్కపెట్టండి, మగవాడి దారిలో ఒకసారి, ఆడమనిషి దారిలో ఒకసారి. మూడు అంకెలూ కలవాలి. మినుయెట్‌లో మాత్రం సంగీతం రెండు బార్లకి అడుగుల గుత్తి ఒకటి. మీ నాలుగో ప్రశ్నకి మూలం అక్కడే ఉంది.

లయకారి

వంగడం గురించి. మీరొక్కరే కాదు, ఈ లిపి చదివే ప్రతివారూ మొదట ఇక్కడే తప్పుతారు. ఎందుకంటే పేజీ చూస్తే అలాగే అనిపిస్తుంది.

దెమి-కూపే అంటే వంగి, అడుగేసి, లేవడం. ఇది ఒకటే అడుగు కాబట్టి వంగే గీతా లేచే గీతా ఒకే గుర్తు మీద రాస్తారు, గుర్తంతా బార్ గీతకి ఇవతల పడుతుంది. కానీ సంగీతంలో 1 మీద పడాల్సింది లేవడం. వంగడం అంతకు ముందు బార్ చివరి లెక్కలోనే అయిపోవాలి. 1 అనేసరికి బరువు కొత్త కాలి మీద, మడమ పైకి, మోకాలు తిన్నగా. మీరు 1 మీద వంగుతున్నారు కాబట్టి 2 దగ్గర లేస్తున్నారు, మిగిలిన అడుగులన్నీ ఒక లెక్క ఆలస్యంగా నడుస్తున్నాయి.

దీన్ని సరిచేయడానికి అడుగులు వేగం చేయకండి. తప్పు అంతకు ముందు బార్ చివరి అడుగులో ఉంటుంది. ఆ అడుగు మునివేళ్ళ మీద పడి మడమ కిందికి దిగకుండా ఉండిపోతే, వంగడానికి సమయం ఉండదు. మడమ పూర్తిగా నేలకి ఆనాకే మోకాలు మెత్తగా వంగుతుంది. కాబట్టి చివరి అడుగు దించడం సాధన చేయండి. ముందు వంగడాలు లేవడాలు తీసేసి ఉత్త నడకతో పేజీ మొత్తం నడవండి, ఏ కాలు ఏ లెక్కకో నోటికి రావాలి. ఆ తర్వాత ఒక్క బార్ గీత దాటే చోట మాత్రం చివరి లెక్కకి "వంగు", 1కి "లే" అని పైకి అంటూ చేయండి. మిగతావి తర్వాత కలుపుకోవచ్చు.

పేజీ మీద లయ పూర్తిగా కనిపించదన్న ఇబ్బంది ఫ్యుయేకీ తెలుసు. 1704 నృత్య సంపుటికి ముందుమాటగా లయ గురించి విడిగా ఒక వ్యాసం రాసి, ఏ అడుగు ఏ స్వరానికో చూపించాడు. 'కొరెగ్రఫీ' ఒక్కటే దగ్గర పెట్టుకుని లయ తేల్చుకోవాలనుకుంటే కష్టం. ఆ వ్యాసం పక్కన ఉండాలి.

మినుయెట్: గుత్తికి నాలుగు అడుగులు, రెండు బార్లు, ఆరు లెక్కలు. రెండు వంపుల రకం పా ద మినుయెట్‌కి (మినుయెట్ అడుగుల గుత్తికి) వాడుకలో బాగా కుదిరే లెక్క ఇది. ముందు గుత్తి 6లో వంగుతారు. 1: కుడికాలు, లేవడం. 2: మడమ దించి వంగడం. 3: ఎడమకాలు, లేవడం. 4: కుడికాలు, మునివేళ్ళ మీద మామూలు అడుగు. 5: ఎడమకాలు, అలాగే వేసి మెల్లగా మడమ దించడం. 6: తర్వాతి గుత్తికి వంగడం. అడుగులు పడేది 1, 3, 4, 5 మీద. 2 మీద అడుగు పడుతోందంటే మీరు మినుయెట్ వదిలి నడుస్తున్నారు.

ఇదొక్కటే లెక్క అని అనుకోవద్దు. ఆ ఆరు లెక్కల్ని పంచడంలో అప్పటి గురువులు అందరూ ఒకే మాట మీద లేరు, 1725లో నృత్యం నేర్పే పుస్తకం వేసిన రామో చెప్పినవాటిలోనే ఒకటికి మించి రకాలున్నాయి. ఏది ఎంచుకున్నా జంటలో ఇద్దరూ ఒకటే ఎంచుకోవాలి. ఒకరు 3 మీద, ఇంకొకరు 4 మీద రెండో అడుగు వేస్తే చేతులు పట్టుకునే చోట ఒకరినొకరు లాగుతారు.

ఇంకో విషయం. అడుగు రెండు బార్లది కాబట్టి అది ఎప్పుడూ 1, 3, 5, 7 బార్లలో మొదలవ్వాలి. ఒక్క బార్ జారితే తర్వాతంతా సరి బార్లలో మొదలవుతుంది, ఎవరూ గమనించరు, చివర వందనం దగ్గర ఒక బార్ మిగులుతుంది. జారినట్టు తెలిసిన క్షణంలో ఒక బార్ ఉన్నచోటే ఆగి మళ్ళీ అందుకోండి. పరుగెత్తి అందుకోవాలని చూస్తే ఇంకా చెడుతుంది. ఇక బాల్‌రూమ్ మినుయెట్‌లో ఆకారం (నేలమీద ఇద్దరి దారులూ కలిసి గీసే బొమ్మ) ఎనిమిది బార్ల పాట ముక్కతో కలవకుండా మధ్యలోకి దాటిపోవచ్చు. అది తప్పేమీ కాదు. ఆకారం పాటతో కలవకపోయినా ఫర్వాలేదు, అడుగు మాత్రం జంట బార్లతో కలవాలి.

అడుగుజాడ

రెండు జవాబులూ చాలా పనికొచ్చాయండి. బార్లు లెక్కపెట్టాను, మూడూ కలిశాయి. నడకతో మొదటి రెండు పేజీలు సంగీతంతో పాటు ముగిశాయి కూడా.

మూడో పేజీలో కొత్త చిక్కు. అక్కడి దాకా మగవాడు ఎడమకాలు వేస్తే ఆడమనిషి కుడికాలు. ఈ పేజీ మొదట్లో ఇద్దరికీ కుడికాలే రాసి ఉంది. అచ్చుతప్పా?

పాతపుటలు

అచ్చుతప్పు అనే ముందు ఆకారం చూడండి. ఇద్దరి నృత్యంలో దారులు రెండు రకాలుగా ఉంటాయి. ఒకరు కుడికి పోతే ఇంకొకరు ఎడమకి పోయేది అద్దంలో బొమ్మ లాంటిది. అప్పుడు ఇద్దరివీ ఎదురు కాళ్ళు. ఫ్యుయే దీన్ని క్రమమైన ఆకారం అన్నాడు. ఇద్దరూ ఒకే పక్కకి, ఉదాహరణకి ఎదురెదురుగా నిలబడి ఇద్దరూ తమ తమ కుడికి పోతే అది రెండో రకం, అప్పుడు ఒకే కాలు. కుడిచేతులు పట్టుకుని చుట్టూ తిరిగేవి ఈ కోవలోవే.

మొదటి రకం నుంచి రెండో రకానికి మారాలంటే ఇద్దరిలో ఒకరు కాలు మార్చుకోవాలి. కాబట్టి రెండో పేజీ చివరి బార్ మళ్ళీ చూడండి. ఇద్దరి గుర్తులూ పక్కపక్కన పెట్టి ఒక్కొక్కటీ పోల్చండి. ఒకరికి ఒక అడుగు ఎక్కువో తక్కువో ఉండాలి, లేదా ఒకరు బరువు మార్చకుండా కాలు ఊరికే దగ్గరకి చేర్చాలి. పైకి ఒకేలా కనిపించే రెండు బార్లలో తేడా ఆ ఒక్క గుర్తే. అది కనబడితే పేజీ సరైనదే. కనబడకపోతే అప్పుడు అచ్చుతప్పు సంగతి ఆలోచించొచ్చు.

బాల్‌రూమ్‌లో అందరూ ఆడే మామూలు మినుయెట్‌లో ఇద్దరూ కుడికాలితోనే మొదలుపెడతారు. ఆ అలవాటుని కూర్చిన నృత్యాల మీద రుద్దకండి. అక్కడ పేజీ ఏ కాలు అంటే ఆ కాలే.

గీతాలిపి

చేతుల ప్రశ్నకి ఇంకా ఎవరూ చెప్పలేదు కాబట్టి అక్కడి నుంచి మొదలుపెడతాను. దాంతో పాటు "ఆర్బోలో చిక్కు రాలేదు" అన్న మాట గురించి కూడా ఒకటి చెప్పాలి.

చేతులు రాయడానికి ఫ్యుయే దగ్గర గుర్తులున్నాయి. 'కొరెగ్రఫీ'లో చేతుల కదలికలకి ఒక భాగం ఉంది, కాస్టనెట్స్ (వేళ్ళతో మోగించే చిన్న చెక్క తాళాలు) మోగించడానికి కూడా గుర్తులు ఇచ్చాడు. కానీ ఆ పద్ధతిలో రాసి మనకి మిగిలిన మూడు వందలకి పైగా నృత్యాల్లో చేతుల గుర్తులు బహు అరుదు. కారణం చేతులు లేకపోవడం కాదు. ఆ పుస్తకం కొనుక్కునేవాడికి నృత్యగురువు ఉండేవాడు, చేతులు అప్పటికే వచ్చి ఉండేవి. కొత్త నృత్యంలో అతనికి తెలియనిది ఏ దారిలో ఏ అడుగు అన్నదొక్కటే. పేజీ అదే రాసింది.

మనకి ఆ గురువు లేడు కాబట్టి రామో 1725లో పారిస్‌లో వేసిన పుస్తకం కావాలి. రెండు భాగాలు: మొదటిది అడుగులకి, రెండోది ఆ అడుగులతో పాటు చేతులకి. జాన్ ఎసెక్స్ ఇంగ్లీషు అనువాదం 1728లో వచ్చింది. మొదలుపెట్టడానికి ఒక్క సూత్రం చాలు: ఎదురు చేయి. కుడికాలు ముందుకి వచ్చినప్పుడు ఎడమచేయి ముందుకి లేస్తుంది. ముందు మణికట్టు తిరుగుతుంది, దానివెంట మోచేయి. భుజం నుంచి ఎత్తితే రామో చెప్పే తీరు చెడిపోతుంది. బుర్రే అడుగుల్లో కాళ్ళు వెంటవెంటనే మారుతుంటాయి, ప్రతి అడుగుకీ చేయి మార్చబోతే గాలిమర అవుతుంది. బార్‌కి ఒక్కసారి మారితే చాలు. ఇక మినుయెట్ సాగుతున్నంతసేపూ చేతులు కింద పక్కలకి ఉండటమే పద్ధతి, ఒకరికొకరు చేయి ఇచ్చే చోట్ల తప్ప.

ఇక ఆర్బో. లాంగ్ర్ పట్టణంలో చర్చి అధికారి జాన్ తాబురో తన పేరులో అక్షరాలు అటూ ఇటూ మార్చి త్వానో ఆర్బో అని పెట్టుకున్నాడు. గురువు ఆర్బో, శిష్యుడు కాప్రియోల్ మాట్లాడుకుంటున్నట్టుగా 'ఆర్కెసోగ్రఫీ' రాశాడు. మీరన్నట్టు స్వరాలు నిలువుగా పేర్చి పక్కన అడుగు పేరు రాయడం చదవడానికి హాయిగా ఉంటుంది. అయినా బ్రాన్ల్ సాంప్ల్ ఒకసారి సరిచూసుకోండి. బ్రాన్ల్ దూబ్ల్‌లో ఎడమకి నాలుగు లెక్కలు, కుడికి నాలుగు: ఎడమకాలు పక్కకి, కుడికాలు దగ్గరకి, ఎడమకాలు పక్కకి, కాళ్ళు చేర్చడం, తర్వాత అదే కుడికి. సాంప్ల్‌లో ఎడమకి నాలుగు, కుడికి రెండే. మొత్తం ఆరు. ఎనిమిదికి అలవాటుపడ్డ కాలు కుడికి కూడా నాలుగు వేసేస్తుంది, పాట ఇంకో ముక్కలోకి వెళ్ళిపోతుంది. ఆరు లెక్కలైతే వలయం క్రమంగా ఎడమకి జరుగుతుంది. వలయం ఉన్నచోటే ఊగుతోందంటే మీరు దూబ్ల్ ఆడుతున్నారు.

ఆర్బో పుస్తకంలోనే ఉన్న ఎగురుడు నృత్యం గల్యార్డ్‌లోనూ ఇలాంటి మోసమే. పేరు ఐదడుగులు, లెక్కలు ఆరు. 1 నుంచి 4 దాకా కాళ్ళు మార్చి మార్చి ముందుకి విసరడం, 5లో ఎగరడం, 6లో దిగి నిలవడం. 5లో నేలమీదికి దిగిపోతే ఆ ఎగురుడుకి అర్థం లేదు. 5 గాలిలో గడపాల్సిన లెక్క. అందుకే అవే అడుగుల్ని నేలకి దగ్గరగా, వేగంగా ఆడే తొర్దియోన్ కన్నా గల్యార్డ్ పాట నెమ్మదిగా వాయించాలని ఆర్బో అంటాడు. ఎంత ఎత్తుకి ఎగిరితే అంత సమయం కావాలి కదా.

దీనికి ముందటి పద్ధతి ఇంకా క్లుప్తం. పదిహేనో శతాబ్దపు బాస్ దాన్స్‌లకి (మెల్లగా జారుతూ నడిచే నృత్యాలకి) స్వరాల కింద అక్షరాలు మాత్రమే. బ్రస్సెల్స్ రాయల్ లైబ్రరీలో ఉన్న ప్రతి నల్లరంగు అద్దిన తోలు మీద బంగారు, వెండి సిరాతో రాసినది. అందం చూసి మురిసిపోయే లోపు రెండు పొరపాట్లు జరుగుతాయి. మొదటిది, పెద్ద 'ఆర్', చిన్న 'ఆర్' ఒకటే అనుకోవడం. పెద్దది మొదట్లో వచ్చే వందనం, చిన్నది రెప్రీజ్ అనే అడుగు. రెండోది, జంట 'ఎస్'ని రెండు స్వరాలుగా లెక్కపెట్టడం. అవి రెండు చిన్న అడుగులు, కానీ రెండూ కలిపి ఒకే స్వరం. మిగతావి, అంటే ఇక్కడ బ్రాన్ల్ అనే అడుగుకి 'బి', దూబ్ల్ అనే అడుగుకి 'డి', ఒక్కొక్కటి ఒక్కో స్వరం. శీర్షికలోనే ఎన్ని స్వరాలో, ఎన్ని మెజుర్‌లో (అడుగుల వరసలో) రాసి ఉంటుంది. మీ అడుగుల మొత్తం ఆ అంకెకి రావాలి. ఎక్కువొస్తే ముందు అనుమానించాల్సింది జంట 'ఎస్'లని.

లండన్‌లో ప్లేఫోర్డ్ 1651లో వేసిన కంట్రీ డాన్స్ పుస్తకంలో పరిస్థితి తలకిందులు. ఎవరు ఎవరి దగ్గరికి పోవాలో, ఎవరి చేయి పట్టుకోవాలో మాటల్లో చెబుతుంది. పాట ముక్క మొదటిసారికి ఒకటి, రెండోసారికి ఇంకొకటి అని చుక్కలతో విడగొడుతుంది. కానీ కాలు ఎలా వేయాలన్నది దాదాపు లేదు. డబుల్ అంటే నాలుగు అడుగులు వేసి కాళ్ళు చేర్చడం, సింగిల్ అంటే రెండు వేసి చేర్చడం, అంతే. 'సైడింగ్' అనే మాటకి వివరణే లేదు. అందుకే ఇంగ్లీషు జానపద నృత్యాలు సేకరించిన సెసిల్ షార్ప్ 1911లో జంట ఒకరినొకరు చుట్టి దాటిపోయేలా చెప్పాడు. తర్వాత పాట్ షా అనే ఇంకో ఇంగ్లీషు నృత్యగురువు పక్కపక్కకి వచ్చి మళ్ళీ వెనక్కి పోయే రీతిని ముందుకి తెచ్చాడు. ఇప్పుడు రెండూ నడుస్తున్నాయి, పదిహేడో శతాబ్దపు రీతికి రెండోదే దగ్గరని నాకనిపిస్తుంది. ఒకే వరసలో కొందరు ఇదీ కొందరు అదీ చేస్తే మాత్రం భుజాలు ఢీకొంటాయి. ముందే చెప్పుకోవాలి.

ఫ్యుయే కూడా ఈ కంట్రీ డాన్స్‌ల కోసం తన లిపిని బాగా తేలిక చేశాడు. 1706 కోంట్రదాన్స్ సంపుటిలో ఎక్కువగా దారులే ఉంటాయి, అడుగు గుర్తులు కొద్దిగా మాత్రమే. దారి చదవడం అలవాటు కావాలంటే దాంతో మొదలుపెట్టి, ఆ తర్వాత పెకూర్ పేజీలకి రావడం మంచిదని నా అభిప్రాయం. ఒకేసారి దారీ, అడుగూ, లయా మూడూ మోయాల్సిన అవసరం ఉండదు.

లయకారి

గీతాలిపి గారితో ఒక్కచోట విభేదిస్తాను. 1706 సంపుటితో మొదలుపెడితే దారి వస్తుంది కానీ వంగడం లేవడం అలవాటు కాదు, పైగా ఉత్త నడకతో తృప్తిపడే అలవాటు పడుతుంది. అడుగుజాడ గారు ఇప్పటికే రెండు పేజీలు నడిచారు, వెనక్కి పోనక్కర్లేదు. పెకూర్ 'బుర్రే దాషీల్' చూడమంటాను. ఫ్యుయే 1700లో వేసిన పెకూర్ నృత్యాల సంపుటిలోనే ఉంది. బుర్రే, మధ్యలో మినుయెట్, మళ్ళీ బుర్రే. ఒకే నృత్యంలో రెండు లయలూ వస్తాయి, మారే చోట చివరి బార్‌లో మడమ దించడం సరిగ్గా లేకపోతే వెంటనే బయటపడుతుంది. సాధనకి అంతకన్నా మంచి చోటు లేదు.

గీతాలిపి

వంగడం గురించి మీరన్నది నిజమే. అయితే ఆ మార్పు చోట ఆగకుండా దాటాలంటే కూడా దారి ముందే కంఠతా వచ్చి ఉండాలి. ముందు ఒక వారం పాటు దారి మాత్రం, తర్వాత అడుగులు. అలా అయితే నాకు అభ్యంతరం లేదు.

అడుగుజాడ

రెండో పేజీ చివరి బార్ పోల్చి చూశాను. మగవాడికి మూడు అడుగులు. ఆడమనిషికి రెండే ఉన్నాయి, కానీ రెండో గుర్తు పక్కన మసకగా ఏదో ఉంది. గుర్తో మరకో తేలడం లేదు. నా దగ్గరున్నది స్కాన్ కాపీ.

పాతపుటలు

స్కాన్‌తో ఇది మామూలే. నలుపు తెలుపుగా మార్చినప్పుడు సన్నటి అడ్డగీతలు ఎగిరిపోతాయి, వెనక పేజీ సిరా ముందుకి ఊరి మరకలా కనిపిస్తుంది. బూడిదరంగు ఛాయలతోనో రంగుల్లోనో ఉన్న స్కాన్ దొరికితే దానితో పోల్చండి. వెనక పేజీని తిరగేసి అద్దంలో చూసినట్టు దీని మీద పెట్టి చూడండి, మరక అక్కడి గీతతో సరిగ్గా కలిస్తే అది ఊరిన సిరా. వీలైతే ఇంకో ప్రతి వెతకండి. అదే రాగిరేకుతో అచ్చైన వేరే ప్రతిలోనూ గుర్తు అక్కడే ఉంటే అది చెక్కినదే.

ఏ ప్రతీ దొరక్కపోతే కాలు చెబుతుంది. మూడో పేజీ మొదట్లో ఆమెకి కుడికాలు ఖాళీగా ఉండాలి, అంటే రెండో పేజీ చివరికి బరువు ఎడమకాలి మీద ఉండాలి. రెండు అడుగులతో ఆడి చూడండి, మూడుతో ఆడి చూడండి. ఏ లెక్కతో బరువు ఎడమకాలి మీద ఆగుతుందో అదే అక్కడ రాసి ఉన్నది. మూడుతో కుదిరితే ఆ మసక గుర్తు మూడో అడుగే. రెండుతో కుదిరితే మరకని వదిలేయండి. అతనికీ ఆమెకీ ఆ ఒక్క అడుగు తేడాయే కాళ్ళు మార్చింది.